నొక్కని గడియారం

మా మావయ్యగారి ఎత్తు అయిదడుగుల పైన కాస్త. ఆయన వేసే ఎత్తుల ఎత్తు మాత్రం కొలిచినవాళ్లు లేరు. కొలవబోయినవాళ్లంతా చిత్తయిపోయి, చెయ్యి కలిపి, కాగితం మీద సంతకం పెట్టి ఇంటికెళ్లిపోయారు. చదరంగంలో ఆయన ఎన్నిసార్లు దేశానికి విజేత అయ్యారో ఆయనకే సరిగ్గా గుర్తుండదు. మా ఆవిడకి గుర్తుంటుంది. మా ఆవిడ ఆయన ఒక్కగానొక్క కూతురు. ఆవిడా విజేతే, ఆడవాళ్ల పోటీల్లో. ఇద్దరు విజేతల మధ్య ఆ ఇంట్లో నేనొక్కణ్ణే విజిటర్ని.

నేను బస్‌స్టాండులో అనౌన్సర్ని. ఏ బస్సు ఏ ప్లాట్‌ఫారం మీద ఉందో, ఏది కదలబోతోందో మైకులో అరుస్తూ ఉంటాను. రోజూ కొన్ని వేలమంది నా మాట విని పరిగెత్తుతారు, వాళ్లలో ఒక్కరూ నా ముఖం చూడరు. ఇంట్లో ఇద్దరు రోజూ నా ముఖం చూస్తారు, ఒక్కరూ నా మాట వినరు.

చదరంగంలో కోట కట్టడమని ఒకటుంది. రాజుగారిని తీసుకెళ్లి ఓ మూల కూర్చోబెట్టి, పక్కన ఏనుగుని కాపలా నిలబెడతారు. ఇల్లరికం వచ్చిన నాటి నుంచీ నా బతుకూ అంతే. ఆ మాటే ఓసారి మా ఆవిడతో అంటే, "అయితే ఏనుగెవరో?" అని అడిగింది. డ్యూటీకి టైమైందని చెప్పి బయటపడ్డాను. ఆ రోజు నాకు సెలవు.

ఆ ఇంట్లో మాకున్నవల్లా మూడు: గడి, గడియ, గడియారం. గడులు బోర్డు మీద. గడియ ఆ బోర్డున్న గదికి, నాబోటి వాగుడుకాయలు లోపలికి రాకుండా. గడియారం బల్ల మీద. ఈ కథంతా ఆ గడియారం చుట్టూ తిరిగేదే కాబట్టి దాని గురించి కొంచెం చెప్పాలి.

పోటీ గడియారానికి రెండు ముఖాలుంటాయి, ఒకటి ఒకరిది, ఇంకొకటి ఇంకొకరిది. ఏ ముఖం నెత్తి మీద ఆ ముఖానికి ఒక మీట. నువ్వు ఎత్తు వేసి నీ మీట నొక్కితే నీ గడియారం ఆగుతుంది, ఎదుటివాడిది నడుస్తుంది. నొక్కడం మరిచిపోయావా, ఎత్తు వేసేశాక కూడా నీదే నడుస్తూ ఉంటుంది. ఆటకి ఇచ్చిన టైము నిండగానే చిన్న ఎర్రజెండా ఒకటి టక్కున పడిపోతుంది. జెండా పడ్డవాడు ఓడినట్టే. బోర్డు మీద ఎదుటివాడి రాజు పీకల్లోతు కష్టంలో ఉన్నా సరే.

మా ఆవిడకి ఆయన ఆట నేర్పినప్పుడు ఆవిడ ఎంత పిల్లంటే, కుర్చీలో దిండ్లు వేసి కూర్చోబెడితే తప్ప బోర్డు కనపడేది కాదట. మీట అసలే అందదు. అందుకని ఆమె ఎత్తు వేయగానే ఆమె మీట కూడా ఆయనే నొక్కేవారు. తన ఎత్తు వేసి తన మీట నొక్కేవారు. పిల్ల పెద్దదైంది. దిండ్లు పోయాయి. నేనొచ్చాను. కానీ ఇంట్లో ఆడే ఆటల్లో రెండు మీటలూ ఆయనే నొక్కడం మాత్రం పోలేదు. ఆవిడ ఎత్తు వేస్తుంది, రెండు చేతులూ ఒళ్లో పెట్టుకుంటుంది. ఆయన బోర్డు మీంచి కళ్లెత్తకుండానే చెయ్యి చాపుతారు. టక్. అదొక వింత అని వాళ్లిద్దరికీ తెలియను కూడా తెలియదు. బయటి పోటీల్లో ఆవిడ మీట నొక్కడం ఒక్కసారి కూడా మరిచిపోలేదు. చెయ్యి ఒళ్లోకి జారేది నాన్న ఎదురుగా కూర్చున్నప్పుడే.

మావయ్యగారి నిజాయితీ గురించి నా పెళ్లిలోనే విన్నాను. భోజనాల దగ్గర ఒక ముసలి ఆటగాడు నా పక్కన చేరి, "నీకెవరు మావగారో తెలుసునా?" అని మొదలుపెట్టాడు. ముట్టుకున్న పావుని ఆడి తీరాలని చదరంగంలో రూలు. మావయ్యగారు కుర్రతనంలో ఓసారి, ఎదుటివాడు లేచి నీళ్లు తాగడానికి వెళ్లినప్పుడు, పొరపాటున గుర్రాన్ని ముట్టుకున్నారట. చూసినవాడు లేడు. అయినా ఆయన ఆ గుర్రాన్నే ఆడి, ఆట ఓడి, ఆ ఏటి టైటిల్ పోగొట్టుకుని, నవ్వుతూ ఇంటికొచ్చారట. "అటువంటి మనిషి" అన్నాడు ముసలాయన, కళ్లు తుడుచుకుంటూ. నేను కూడా తుడుచుకున్నాను. నాకు పొలమారింది.

ఇక ఆ వానాకాలం సంగతి.

దేశపు జట్టుకి మనుషుల్ని ఎంచడానికి మా ఊళ్లోనే పోటీ పెట్టారు. మిగతా కుర్చీలన్నీ అప్పటికే నిండిపోయాయి, ఒక్కటే మిగిలింది. ఆ ఒక్క కుర్చీ కోసం మావయ్యగారు పేరిచ్చారు. మా ఆవిడా ఇచ్చింది. ఆడవాళ్ల పోటీల్లో గెలిచిన కప్పులు బీరువా మీద పట్టక, ఒకదాంట్లో నేను గొడుగు పెట్టుకుంటాను. కానీ ఆడా మగా తేడా లేకుండా ఎంచే జట్టులో కూర్చోవాలన్నది ఒక్కటే ఆవిడ ఇంతకాలం నోరు తెరిచి కోరింది. మావయ్యగారికేమో కంటిచూపు తగ్గుతోంది, నాలుగు గంటలు కూర్చుంటే నడుం పట్టేస్తోంది. "ఇదే ఆఖరుసారి అల్లుడుగారూ. వచ్చే ఏడు కూర్చున్నా లేవలేను" అన్నారు.

"లేవలేకపోతే నష్టమేముంది మావయ్యగారూ, కుర్చీ మీదే అవుతుంది" అన్నాను.

ఆయన నవ్వారు. అది నేనెందుకు చెప్తున్నానంటే, ఆ కాలంలో ఆయన ఇంకా నవ్వేవారు.

పోటీ మొదలవగానే ఇల్లు రెండు శిబిరాలైంది. ముందు గదిలో ఆయన, వెనక గదిలో ఆవిడ, ఎవరి బోర్డు వాళ్లది. మధ్య నడవలో నేను, రెండు కాఫీ గ్లాసులతో రాయబారం. ఒక గదిలో చూసింది రెండో గదిలో చెప్పకూడదని ఇద్దరూ నా చేత ఒట్టు పెట్టించుకున్నారు. నాకు ఏనుగు తిన్నగా పోతుందనీ, శకటు ఐమూలగా పోతుందనీ తప్ప ఏమీ తెలియదు, చెప్పడానికేముంది?

రోజులు గడిచిన కొద్దీ మిగతావాళ్లంతా వెనకబడ్డారు. ఆఖరి ఆట తండ్రీకూతుళ్ల మధ్య పడింది. ఆయన అర పాయింటు ముందున్నారు. అంటే ఆట డ్రా అయినా కుర్చీ ఆయనదే. ఆవిడ గెలిచి తీరాలి.

ఆ పొద్దున ముగ్గురం ఒకే బల్ల దగ్గర కాఫీ తాగాం.

"అమ్మాయ్, అక్కడ కూర్చున్నాక నేను నీకు నాన్నని కాను. తెలిసిందా?" అన్నారాయన.

"మీరు కాకపోతే పోనీ. నేను మాత్రం మీ కూతుర్నే. అందుకే గెలుస్తాను" అందావిడ.

"ఇద్దర్లో ఎవరు గెలిచినా మనింటికే" అన్నాను నేను, మహా తెలివైన మాట అన్నట్టు. ఇద్దరూ నా వంక ఒకేలా చూశారు. ఆ చూపులో మాత్రం తండ్రీకూతుళ్లు ముమ్మూర్తులా ఒకటే.

ఆట టౌన్‌హాల్లో. వాన పైకప్పు రేకుల మీద దరువేస్తోంది. గోడ మీద పెద్ద అక్షరాలతో 'నిశ్శబ్దం' అని రాసిన అట్ట. దాని కింద తాడు కట్టారు, తాడుకి ఇవతల ప్రేక్షకులు. ప్రేక్షకులు మాట్లాడకూడదు, సైగ చెయ్యకూడదు, గట్టిగా దగ్గకూడదు. చేస్తే మనల్ని బయటికి పంపుతారు, మనం ఎవరికోసం చేశామో వాళ్ల మీద చర్య తీసుకుంటారు. ఆర్బిటర్, అంటే ఆట తీర్పరి, ఒక పొడుగాటి మనిషి, ముందే నా దగ్గరకొచ్చి, "మీరు బస్‌స్టాండులో..." అన్నాడు. "అవునండీ." "ఇక్కడ బస్సులు రావు" అని వెళ్లిపోయాడు. నా పేరు అలా వ్యాపించింది.

నేను మూడో వరసలో కూర్చున్నాను. బోర్డు మీద ఏం జరుగుతోందో అక్కణ్ణుంచి కనపడదు. కనపడినా నాకు తెలియదు. గడియారం మాత్రం మా వైపు ముఖం పెట్టుకుని స్పష్టంగా కనపడుతోంది.

మూడు గంటల పైగా ఏమీ జరగలేదు, అంటే నాకు తెలిసినంతవరకు. తర్వాత మా ఆవిడ ఏనుగుని తీసుకెళ్లి ఆయన పావుల మధ్యలో పెట్టింది. తాడు దగ్గర నిలబడ్డ కుర్రాళ్లు ఒక్కసారి ఊపిరి పీల్చారు. నా పక్కాయన నా మోచెయ్యి నొక్కి, పెదాలు కదిపీ కదపకుండా, "అయిపోయింది. పెద్దాయన పని అయిపోయింది" అన్నాడు. మావయ్యగారి మెడ వెనక నరం ఒకటి కదిలింది. బోర్డు తెలియకపోయినా ఆ మెడ నాకు తెలుసు. ఓటమి కళ్ల ముందు నిలబడ్డవాడి మెడ అది.

మా ఆవిడ ఎత్తుని కాగితం మీద రాసుకుంది. పెన్ను కింద పెట్టింది. రెండు చేతులూ ఒళ్లో పెట్టుకుంది.

మీట నొక్కలేదు.

అప్పుడు చూశాను. మావయ్యగారి కుడిచెయ్యి బల్ల మీంచి లేచింది. బోర్డు మీంచి ఆయన కళ్లెత్తలేదు. చెయ్యి దానంతటదే లేచి, ఎన్నో ఏళ్లుగా వెళ్తున్న దారినే ఆమె మీట వైపు వెళ్లింది. సగం దూరం వెళ్లింది. ఆగింది. గాలిలో కాసేపు అలా ఉండి, మెల్లగా వెనక్కొచ్చి గడ్డం కింద చేరింది. ఆయన ఆలోచిస్తున్నట్టు కూర్చున్నారు.

ఆవిడ గడియారమే నడుస్తోంది, అందులో మిగిలినవి కొద్ది నిమిషాలే.

నొక్కుతారు, అనుకున్నాను. గుర్రాన్ని ముట్టుకుని ఆట పోగొట్టుకున్న మనిషి. ఇదిగో ఇప్పుడు నొక్కుతారు. ముల్లు కదిలింది. ఇప్పుడు. ముల్లు ఇంకా కదిలింది. రూలు ప్రకారం ఆయన నొక్కనక్కర్లేదు, చెప్పనక్కర్లేదు. ఎవరి గడియారం వాళ్ల బాధ్యత. ఆర్బిటర్ కూడా చూస్తూ నిలబడ్డాడు, ఆయనా చెప్పకూడదు. హాలు నిండా గడియారం చూస్తున్న మనుషులు. చూడనిదల్లా మా ఆవిడే. నాన్న టైము నడుస్తోందనుకుని నిశ్చింతగా లేచి, చీర సర్దుకుని, నీళ్ల కుండ దగ్గరికి నడిచింది. నీళ్లు తాగి, పక్క బల్లల మీద ఆటలు చూసి, తాడు దగ్గరికొచ్చి నా వైపు తిరిగింది. కళ్లతో నవ్వింది. కనుబొమలెగరేసింది. 'ఎలా ఉంది?' అన్నట్టు.

మాట్లాడకూడదన్నది రూలు. నిజమే. కళ్లు ఒక్కసారి గడియారం వైపు తిప్పితే చాలు, ఎవరూ పట్టుకోలేరు. ఎవరైనా చూస్తే ఆవిడ ఆట రద్దవుతుందని భయపడ్డాను. అదీ నిజమే. వాటితో పాటు ఇంకోటి కూడా వచ్చింది నా బుర్రలోకి. ఈవిడ గెలిస్తే ఇక నెలల తరబడి శిబిరాలు, విదేశాలు. ఇల్లు నాకూ, నాతో అట్టే మాటల్లేని ఈ ముసలాయనకీ మిగులుతుంది. అప్పుడు మూలన కూర్చోవడానికి కోట కూడా ఉండదు. ఆ ఆలోచన ఎప్పుడొచ్చిందో, ఎంతసేపు ఆగిందో, ఎప్పుడు వెళ్లిందో నేను చెప్పలేను. బస్సైతే చెప్పేవాణ్ణి.

తల దించుకుని చెప్పులు చూసుకున్నాను.

ఆవిడ తిరిగి వెళ్లి కూర్చుంటోంది. కుర్చీ లాక్కున్న చప్పుడూ, జెండా పడ్డ చప్పుడూ ఒకేసారి వినపడ్డాయి.

ఆర్బిటర్ వచ్చి వంగి చూసి, "టైము అయిపోయిందమ్మా" అన్నాడు.

"నాన్నదా?" అందావిడ. తర్వాత గడియారం చూసింది. చాలాసేపు చూసింది. "అయ్యయ్యో! నేను నొక్కలేదూ!" అని తల మీద చిన్నగా కొట్టుకుని నవ్వేసింది. ఏడుపుకి బదులు వచ్చిన నవ్వు అది. చెయ్యి చాపింది. "బాగా ఆడారు నాన్నా."

మావయ్యగారు ఆ చెయ్యి పట్టుకున్నారు. ఆయన పెదాలు కదిలాయి. ఏమన్నారో మూడో వరసకి వినపడలేదు.

ఆ రోజు నుంచి ఇల్లు తలకిందులైంది. ముందు నేను గమనించింది కాఫీ గ్లాసులు. జీవితంలో తన గ్లాసు తాను కడుక్కోని మావయ్యగారు మా అందరి గ్లాసులూ కడగడం మొదలుపెట్టారు. ఆవిడ గదిలోకి వెళ్తుంటే ముందే వెళ్లి దీపం వేసేవారు. ఆవిడ గొడుగు తీసుకెళ్లడం మరిచిపోతే, వానలో తడుస్తూ వీధి చివరిదాకా వెళ్లి ఇచ్చొచ్చారు. గొడుగు వేసుకునే వెళ్లొచ్చుగా అంటే, "అవునుగదా" అన్నారు. బోర్డు మాత్రం ముట్టుకోలేదు.

మా ఆవిడ తన తప్పు తానే మోస్తూ, మోస్తున్నట్టు కనపడకుండా తిరిగేది. ఓ సాయంత్రం కూరలు తరుగుతూ, "పాపం, నాన్న తెగ బాధపడుతున్నారండీ. అలా గెలవడం ఆయనకి ఇష్టముండదు" అంది.

"ఆయన చూసి ఉంటారంటావా?" అన్నాను. ఎందుకన్నానో.

"ఏంటి, గడియారమా? ఛ! బోర్డు ముందు కూర్చుంటే ఆయనకి ఇల్లు కూలినా తెలియదు. చూసుంటే చెప్పేవారు. గుర్రం కథ మీకు తెలియదూ?"

తెలుసన్నాను. ఉల్లిపాయలు తరుగుతున్నది ఆవిడ. కళ్లు మండింది నాకు.

మర్నాడు వాన తెరిపిచ్చిందని డాబా మీద బట్టలారేశాం. అంతలో మళ్లీ చినుకులు. నేనూ మావయ్యగారూ పరుగున పైకెళ్లి తీస్తున్నాం. ఆయన ఒక దుప్పటి అటు కొస పట్టుకున్నారు, నేనిటు కొస పట్టుకున్నాను.

"అల్లుడుగారూ, ఆ రోజు మీరెక్కడ కూర్చున్నారు?"

"మూడో వరసలో."

"అక్కణ్ణుంచి బోర్డు కనపడుతుందా?"

"కనపడదు మావయ్యగారూ." దుప్పటి మడిచాను. "గడియారం కనపడుతుంది."

ఆయన తన కొస తెచ్చి నా చేతిలో పెట్టారు. చినుకులు ఆయన కళ్లద్దాల మీద పడుతున్నాయి, తుడుచుకోలేదు.

"మీకు మాటకారి అని పేరు" అన్నారు చివరికి.

"మీకు నిజాయితీపరుడని పేరు" అన్నాను.

అంతే. ఇద్దరం బట్టలు తీసుకుని కిందికి దిగాం. మామా అల్లుళ్ల మధ్య అంతకు ముందెప్పుడూ అంత పెద్ద సంభాషణ జరగలేదు.

జట్టుతో మావయ్యగారి విదేశ ప్రయాణం దగ్గర పడింది. ప్రాక్టీసుకి మనిషి కావాలి. జట్టువాళ్లు ఎవరినో పంపుతామన్నారు. "ఇంట్లో నేనుండగా ఎవరో ఎందుకు?" అంది మా ఆవిడ. "వద్దమ్మా, కళ్లు లాగుతున్నాయి" అన్నారాయన. మర్నాడు నడుమన్నారు. ఆ మర్నాడు తలన్నారు. ఇక చెప్పడానికి అవయవాలు మిగలక ఓ రోజు కూర్చున్నారు.

గదికి గడియ వెయ్యలేదు. నేను గుమ్మం దగ్గర కూర్చుని విరిగిన గొడుగు కమ్మీకి తీగ చుడుతున్నాను.

మా ఆవిడ ఎత్తు వేసింది, చేతులు ఒళ్లో పెట్టుకుంది. మావయ్యగారి చెయ్యి వెళ్లి ఆమె మీట నొక్కింది. టక్. ఆయన ఎత్తు వేసి తన మీట నొక్కారు. టక్. మళ్లీ ఆవిడ, మళ్లీ చెయ్యి, టక్. కొంతసేపు ఇల్లు పాత ఇల్లులా ఉంది. ఆ చప్పుళ్లకి నాకు నిద్ర కూడా వచ్చింది.

ఉన్నట్టుండి చప్పుడు ఆగింది. తలెత్తాను. ఎత్తు ఆవిడది. ఆవిడ బోర్డు చూడడం లేదు. మీట నొక్కి వెనక్కెళ్లి బల్ల మీద వాలిన నాన్న చేతిని చూస్తోంది. తెలిసిన ముఖాన్ని ఎక్కడ చూశామా అని చూస్తామే, అలా.

తర్వాత బంటుని ఒక గడి ముందుకి జరిపింది. బంటు వైపు చూడకుండానే జరిపింది. చేతులు ఒళ్లో పెట్టుకుంది. కళ్లు ఆ చేతి మీదే.

చెయ్యి దానంతటదే లేచింది. ఆమె మీట వైపు బయల్దేరింది. మావయ్యగారు అప్పుడు కళ్లెత్తి, కూతురు ఎక్కడ చూస్తోందో చూశారు. చెయ్యి ఆగింది. సగం దారిలో, గాలిలో, సరిగ్గా అక్కడే.

అలా ఆగిన ఆ చేతిని నేను చూడడం రెండోసారి. ఆవిడ చూడడం మొదటిసారి.

ఆవిడ గడియారాన్ని రెండు చేతులతో ఎత్తి, ఆయన పక్కనుంచి తీసి తన పక్కన పెట్టుకుంది.

"ఇక మీద నా మీట నేనే నొక్కుకుంటాను నాన్నా. అలవాటు చేసుకోవాలి కదా" అని, నొక్కింది. "ఆడండి. మీదే ఎత్తు."

ఆ ఆట ఆవిడ గెలిచింది. గెలిచానని అనలేదు.

మర్నాడు పొద్దున ఆయన కాఫీ ముట్టుకోకుండా కూర్చున్నారు. "నేను వెళ్లనమ్మా. ఒంట్లో బాగాలేదని చెప్తాను. నా తర్వాత పేరు నీదే."

"ఒంట్లో బాగానే ఉందిగా."

"బాగాలేదు."

"ఎక్కడ బాగాలేదు?"

ఆయన కళ్లద్దాలు తీసి తుడుచుకోసాగారు.

"నేను నొక్కలేదు నాన్నా. అది నా తప్పు, రూలూ అదే అంటుంది. మీరు జాలిపడి లేస్తే ఆ కుర్చీలో నేను కూర్చోలేను. వెళ్లండి. వెళ్లి బాగా ఆడండి. నేను ఓడిపోయింది మంచి ఆటగాడి చేతిలోనని నలుగురూ అనుకోవాలి కదా." గొంతు ఎక్కడా పెరగలేదు. "కాఫీ చల్లారిపోతోంది, తాగండి."

ఆయన తాగారు. చిన్నపిల్లాడు మందు తాగినట్టు తాగారు.

ఆయన్ని విమానాశ్రయానికి తీసుకెళ్లే బస్సు మా బస్‌స్టాండు నుంచే. ఆ పూట డ్యూటీ నాదే. అద్దాల గదిలోంచి కనపడుతున్నారు ఇద్దరూ. పెట్టె పక్కన పెట్టుకుని ఆయన, ఆయన మఫ్లరు సర్దుతూ ఆవిడ. తెలిసినవాళ్లు ఊరెళ్తుంటే నేను మైకులో ఓ చమత్కారం విసిరి పంపడం అందరికీ అలవాటే. బస్సు నంబరు చదివాను, ప్లాట్‌ఫారం చదివాను, బయలుదేరుటకు సిద్ధముగా ఉన్నది అన్నాను. అంతకు మించి ఒక్క ముక్క పెగల్లేదు. మావయ్యగారు తలెత్తి, గొంతు వస్తున్న స్తంభం వైపు చూశారు. ఇంకేమైనా వస్తుందేమోనని ఆగారు. తర్వాత ఎక్కేశారు.

అక్కడ ఆయన కొన్ని గెలిచారు, కొన్ని డ్రా చేశారు. రోజూ ఫోన్ చేసేవారు. ఆట చెప్పేవారు, ఆవిడ వినేది, "ఆ శకటు ఎత్తు బాగుంది" అనో, "అక్కడ తొందరపడ్డారు" అనో అనేది. తండ్రీకూతుళ్ల మాటల్లా కాకుండా ఇద్దరు ఆటగాళ్ల మాటల్లా ఉండేవి. ఆఖరి ఆట రోజు ఫోను ఆలస్యంగా వచ్చింది. ఆవిడ చేతికి తడి ఉందని స్పీకరు నొక్కి బల్ల మీద పెట్టింది.

"ఓడిపోయానమ్మా" అన్నారు.

"ఎలా?"

"గెలిచే ఆటే. వాడి టైము అయిపోవస్తోంది. కుర్రాడు. ఎత్తు వేసి నొక్కడం మరిచిపోయాడు." గొంతు సవరించుకున్నారు. "గడియారం చూపించి, నొక్కుకో నాయనా అన్నాను. నొక్కి, నన్ను ఓడించాడు. ఇక్కడ అందరూ లేచి చప్పట్లు కొట్టారు. పెద్దమనిషినట. పత్రికవాళ్లు ఫొటో తీశారు."

ఆవిడ తడి చేతులు కొంగుకి తుడుచుకుంటూ నిలబడింది.

"పరాయివాడికి చెప్పగలిగానమ్మా" అన్నారాయన. "పరాయివాడికి చెప్పగలిగాను."

"మంచి పని చేశారు నాన్నా. మఫ్లరు చుట్టుకోండి, అక్కడ చలి" అని ఆవిడ ఫోను పెట్టేసింది.

వాన వెలిసినట్టుంది. చూరు నీళ్ల చప్పుడు తప్ప ఏమీ లేదు. నేను లేచి, కాఫీ ఏమైనా కలపనా అన్నాను.

"కూర్చోండి" అంది.

కూర్చున్నాను. ఆవిడ నా ఎదురు కుర్చీలో కూర్చుంది. ఆయన కుర్చీలో.

"ఆ రోజు టౌన్‌హాలు నుంచి ఇంటికి నడిచొచ్చాం, గుర్తుందా? దారంతా మీరు ఒక్క జోకు వెయ్యలేదు. మోకాళ్లలోతు నీళ్లున్నాయి వీధిలో, చెప్పు కొట్టుకుపోయింది మీది, అయినా వెయ్యలేదు. నేను ఓడిపోయానని జాలిపడుతున్నారనుకున్నాను."

నేను నోరు తెరిచాను. నోట్లో చెప్పు ఉంది, ఎత్తు ఉంది, వానా ఉంది, ఏవి కలిపినా ఒక చమత్కారం తయారయ్యేది. ఏదీ బయటికి రాలేదు.

"తాడు దగ్గరికొచ్చి మిమ్మల్ని చూశాను. ఎలా ఉందని అడిగాను. మీరు తల దించుకున్నారు." ఆవిడ గొంతులో కోపం లేదు. ఉంటే బాగుండేది. "మీరు మూడో వరసలో కూర్చున్నారు. అక్కణ్ణుంచి బోర్డు కనపడదు. నాకు తెలుసు, ఆ హాల్లో ఎన్నోసార్లు కూర్చున్నాను."

"నేను..." అన్నాను.

"ఆగండి."

పక్కనున్న గడియారాన్ని తీసి మా ఇద్దరి మధ్యా పెట్టింది, ఒక ముఖం తన వైపు, ఒక ముఖం నా వైపు. తన మీట మీద వేలు పెట్టి నొక్కింది. టక్. నా వైపు ముల్లు నడవడం మొదలుపెట్టింది.

"చెప్పండి" అంది. చేతులు ఒళ్లో పెట్టుకుంది. "మీ టైము నడుస్తోంది."